ఊపిరితిత్తుల సందేహాలు: ఇంట్లో ఆక్సిజన్, వెంట తీసుకెళ్లే ఆక్సిజన్

ఈ నెల వచ్చిన ఉత్తరాల్లో ఎక్కువ భాగం ఆక్సిజన్ గురించే ఉన్నాయి. 2021 వేసవి తరువాత ఆక్సిజన్ యంత్రం పేరు తెలియని ఇల్లు లేకుండా పోయింది గానీ, అది ఎవరికి కావాలో, ఎంత కావాలో, ఎవరికి అక్కరలేదో అన్న విషయంలో మాత్రం అయోమయం అలాగే ఉంది. ఒకే రకం ప్రశ్నలను కలిపి, ఊరి పేరు మాత్రం ఉంచి జవాబులు రాస్తున్నాను.

ప్రశ్న: మా నాన్నగారికి 69 ఏళ్లు. ఉపాధ్యాయుడిగా పనిచేసి పదవీ విరమణ చేశారు. ముప్పై ఏళ్లు సిగరెట్లు కాల్చి, ఆరేళ్ల కిందట మానేశారు. సీఓపీడీ (శ్వాసనాళాలు ఇరుకైపోయే దీర్ఘకాలిక జబ్బు) ముదరడంతో ఏడాదిగా ఇంట్లో, గాలిలోంచి ఆక్సిజన్‌ను వేరుచేసి ఇచ్చే 5 లీటర్ల కాన్సన్‌ట్రేటర్‌తో, నిమిషానికి 2 లీటర్ల చొప్పున, రోజుకు 16 గంటలు ఆక్సిజన్ పెట్టుకుంటున్నారు. గొట్టం ఎంతవరకు వస్తే అంతవరకే ఆయన నడక. సాయంత్రం పూట గ్రంథాలయానికి వెళ్లి రావాలని ఆయన కోరిక. దుకాణంవారు రెండు కిలోల పైచిలుకు బరువున్న చిన్న యంత్రం చూపించి, ‘ఇదీ ఐదు నంబరుదే’ అంటూ రెండున్నర లక్షలు చెప్పారు. కొనమంటారా? (ఒక పాఠకురాలు, తెనాలి)

జవాబు: డబ్బు కట్టే ముందు ఆ యంత్రాన్నే రెండు రోజులు అద్దెకు తీసుకోండి అమ్మా. దాన్ని భుజాన తగిలించుకొని, వేలికి పల్స్ ఆక్సీమీటర్ పెట్టుకొని మీ నాన్నగారు డాక్టరు ఎదుట ఆరు నిమిషాలు నడవాలి. నడుస్తున్నంతసేపూ రీడింగ్ (రక్తంలో ఆక్సిజన్ శాతం) 88 కంటే దిగకుండా ఉంటే ఆ యంత్రం ఆయనకు పనికివస్తుంది, దిగిపోతే దాని వెల ఎంతైనా పనికిరాదు. కూర్చోబెట్టి చూపించిన రీడింగ్‌ను మాత్రం లెక్కలోకి తీసుకోకండి. యంత్రం కావలసింది నడవడానికి కదా!

ఇంత గట్టిగా ఎందుకు చెబుతున్నానంటే, ఆ ‘ఐదు’ లీటర్లు కాదు. ఇంట్లో ఉన్న పెద్ద యంత్రం మీద 2 అని పెడితే, నిమిషానికి 2 లీటర్ల ఆక్సిజన్ ఊపిరి పీల్చినా వదిలినా ఆగకుండా గొట్టంలోంచి వస్తూనే ఉంటుంది. భుజాన వేసుకొనే చిన్న యంత్రాల్లో చాలావరకు అలా చేయవు. మనిషి ఊపిరి పీల్చడం మొదలుపెట్టిన క్షణాన్ని పసిగట్టి, ఆ క్షణంలో ఒక చిన్న విడత ఆక్సిజన్‌ను ముక్కులోకి కొట్టి ఆగిపోతాయి. దీన్ని పల్స్ పద్ధతి అంటారు. దానిమీద ఉండే 1, 2, 3, 4, 5 అంకెలు ఆ విడత చిన్నదా పెద్దదా అని చెప్పే మెట్లు మాత్రమే. రెండు కిలోల తరగతి యంత్రం తన శక్తినంతా పెట్టి పనిచేసినా తయారుచేసేది నిమిషానికి ఒక లీటరుకు అటూ ఇటూగా ఉంటుంది. అందులోంచి ఐదు లీటర్లు రావడం ఎలా సాధ్యం?

అలాగని పల్స్ పద్ధతిని మోసం అనుకోకూడదు. దాని వెనుక తెలివైన ఆలోచనే ఉంది. మనం ఊపిరి పీల్చే సమయం మొత్తం శ్వాసలో మూడో వంతు మాత్రమే కాబట్టి, ఆగకుండా వచ్చే ఆక్సిజన్‌లో చాలా భాగం ఊపిరి వదిలే వేళ గదిలోకి పోతుంది. పీల్చిన దానిలోనూ చివరి భాగం శ్వాసనాళంలోనే ఉండిపోయి, తిరిగి బయటికి వచ్చేస్తుంది. పీల్చడం మొదలైన వెంటనే అందిన విడత మాత్రం నేరుగా ఊపిరితిత్తుల అడుగుకు చేరుతుంది కాబట్టి, తక్కువ ఆక్సిజన్‌తోనే చాలామందికి పని జరిగిపోతుంది. చిక్కు వచ్చేది నడకలో. నడిచే మనిషి నిమిషానికి ముప్పైసార్లు ఊపిరి తీస్తుంటే, కొన్ని యంత్రాలు తాము నిమిషానికి తయారుచేసే అదే మొత్తాన్ని ముప్పై భాగాలు చేసి పంచుతాయి. అప్పుడు అవసరం పెరిగిన వేళకే ఒక్కొక్క విడత చిక్కిపోతుంది. నోటితో ఊపిరి పీల్చే అలవాటు ఉన్నవారి శ్వాసను యంత్రం కొన్నిసార్లు గుర్తించదు కూడా. అందుకే ఒకరికి సరిపోయిన యంత్రం పక్కింటివారికి సరిపోకపోవచ్చు. రాత్రి నిద్రలోనూ, ప్రత్యేకంగా పరీక్షించి డాక్టరు ఒప్పుకుంటే తప్ప, దీన్ని వాడకూడదు. నిద్రకు ఇంట్లో ఉన్న పెద్ద యంత్రమే సరైనది.

నిలకడగా లీటర్ల లెక్కన ఇవ్వగల ప్రయాణ యంత్రాలు ఉన్నాయి గానీ వాటి బరువు ఎనిమిది కిలోల దరిదాపుల్లో ఉంటుంది. చక్రాల పెట్టెలా లాక్కుపోవలసిందే. మన ఊళ్ల కాలిబాటల మీద అది ఎలా సాగుతుందో మీకే తెలుసు.

మీ నాన్నగారి అవసరం సాయంత్రం ఒకటి రెండు గంటలే అయితే, యంత్రం కాకుండా చిన్న అల్యూమినియం సిలిండర్‌ను కూడా ఆలోచించవచ్చు. సిలిండర్‌లో నీటి కొలత, అంటే ఖాళీగా ఉన్నప్పుడు పట్టే నీళ్లు, ఎన్ని లీటర్లో చూసి, దాన్ని మీటరు మీద కనిపించే బార్ పీడనంతో గుణిస్తే లోపలున్న ఆక్సిజన్ సుమారుగా తెలుస్తుంది. రెండు లీటర్ల కొలత ఉన్న బుడ్డిలో 150 బార్ నింపితే 300 లీటర్లు, నిమిషానికి 2 లీటర్ల చొప్పున రెండున్నర గంటలు. గ్రంథాలయానికి వెళ్లి పత్రికలు చదువుకొని రావడానికి అది చాలు. అయితే నింపించే చోటు దగ్గరలో ఉండాలి, మోయడానికి మనిషి ఉండాలి.

చిన్న యంత్రమే తీసుకోవాలని నిర్ణయిస్తే బ్యాటరీ విషయం కూడా పట్టించుకోండి. కరపత్రంలో రాసిన గంటలు సాధారణంగా ఒకటో మెట్టు మీద లెక్కగట్టినవి. మూడో మెట్టుకు వెళ్తే అవి బాగా తగ్గిపోతాయి. పైగా ఇటువంటి యంత్రాల్లో ఎక్కువ భాగాన్ని 40 డిగ్రీల వేడి వరకు మాత్రమే పనిచేసేలా తయారుచేస్తారు కాబట్టి, మే నెలలో మన కోస్తా ఎండలో ఆగి ఉన్న కారులో దాన్ని వదిలేస్తే అది అలారం కొట్టి ఆగిపోయినా ఆశ్చర్యపోనక్కరలేదు.

ఇంకొక మాట. ఆయన ఇంట్లో పెట్టుకుంటున్న 16 గంటలను తగ్గించనివ్వకండి. ఆ గంటల వెనుక పెద్ద చరిత్ర ఉంది. అమెరికాలో 1980లో, బ్రిటన్‌లో 1981లో వెలువడిన రెండు అధ్యయనాలు ఈ వైద్యానికి పునాది. బ్రిటన్ అధ్యయనంలో రోజుకు కనీసం 15 గంటలు ఆక్సిజన్ తీసుకున్న 42 మందిలో ఐదేళ్లలో 19 మంది చనిపోగా, ఆక్సిజన్ ఇవ్వని 45 మందిలో 30 మంది చనిపోయారు. అమెరికా అధ్యయనంలో రాత్రి పూట మాత్రమే తీసుకున్నవారి కంటే దాదాపు రోజంతా తీసుకున్నవారు ఎక్కువ కాలం బతికారు. మరి 24 గంటలూ పెట్టుకుంటే ఇంకా మంచిదా అన్న సందేహానికి, 2024లో వెలువడిన స్వీడన్ పరిశోధన సమాధానం ఇచ్చింది. 15 గంటలకూ 24 గంటలకూ ఏడాదిలో ఆసుపత్రి చేరికల్లో గానీ మరణాల్లో గానీ తేడా కనిపించలేదు. అంటే స్నానానికీ, భోజనానికీ, మనవలతో కాసేపు కూర్చోవడానికీ గొట్టం తీసినందుకు ఆయన తప్పు చేసినట్లు భావించనక్కరలేదు. కానీ నడిచేటప్పుడు తీసివేయడం మాత్రం వేరే సంగతి. రీడింగ్ పడిపోయేది అప్పుడే.

ప్రశ్న: మా అత్తగారికి 64 ఏళ్లు. జీవితమంతా కట్టెల పొయ్యి ముందు ఊదుడు గొట్టంతోనే గడిచింది. దానికి తోడు మా ప్రాంతపు పాత అలవాటు, మండే కొనను నోట్లోకి పెట్టుకొని చుట్ట కాల్చడం. ఇప్పుడు నాలుగు అడుగులు వేస్తే ఎగపోత. వేలికి పెట్టే మిషన్‌లో ఎప్పుడూ 93, 94 చూపిస్తుంది. ఆవిడ ఆయాసం చూడలేక ఇంటికి ఆక్సిజన్ తెప్పిద్దామని మా ఆయన అంటున్నారు. (ఒక పాఠకురాలు, శ్రీకాకుళం జిల్లా)

జవాబు: వద్దని చెప్పండి. ఆయాసం వేరు, రక్తంలో ఆక్సిజన్ తగ్గడం వేరు. రెండూ కలిసి రావచ్చు, విడివిడిగానూ రావచ్చు. సీఓపీడీలో ఆయాసానికి ముఖ్య కారణం, శ్వాసనాళాలు ఇరుకైపోవడం వల్ల పీల్చిన గాలి పూర్తిగా బయటికి వెళ్లలేక లోపలే చిక్కుకొని, తరువాతి ఊపిరికి చోటు లేకుండా చేయడం. ఆ చిక్కుకున్న గాలిని ఆక్సిజన్ బయటికి తీయలేదు.

ఇంటి ఆక్సిజన్ ఎవరికి అవసరమో స్పష్టమైన గీత ఉంది. జబ్బు నిలకడగా ఉన్న రోజుల్లో, విశ్రాంతిగా కూర్చున్నప్పుడు, ధమని నుంచి తీసిన రక్తంలో ఆక్సిజన్ పీడనం 55 లేదా అంతకంటే తక్కువ ఉండాలి, లేదా ఆక్సీమీటర్ రీడింగ్ 88 లేదా అంతకంటే తక్కువ ఉండాలి. గుండె కుడి భాగం దెబ్బతిని కాళ్లు వాచినవారికీ, రక్తం చిక్కబడినవారికీ ఆ పీడనం 59 వరకు ఉన్నా ఇస్తారు. ఈ గీతకు పైన ఉన్నవారికి ఇస్తే ఏమవుతుందో అమెరికాలో 738 మంది మీద పరీక్షించి 2016లో ఫలితం ప్రకటించారు. విశ్రాంతిలో 89 నుంచి 93 మధ్య ఉన్నవారికీ, నడిచినప్పుడు మాత్రమే ఒక మోస్తరుగా తగ్గేవారికీ ఆక్సిజన్ ఇచ్చినా ఇవ్వకపోయినా ఆయుష్షులో గానీ, ఆసుపత్రిలో చేరవలసి రావడంలో గానీ తేడా రాలేదు.

మీ అత్తగారికి ఇప్పుడు కావలసినవి మూడు. ఒకటి, పొగ నుంచి విముక్తి. చుట్ట మానిపించండి. ఆ రకం అలవాటు అంగిట్లో క్యాన్సర్‌కు కూడా దారితీస్తుంది కాబట్టి నోటిని ఒకసారి దంతవైద్యునికి చూపించండి. రెండు, ఇన్‌హేలర్‌ను సరైన పద్ధతిలో వాడడం. నేను చూసే రోగుల్లో మందు నోట్లోనే ఆగిపోయి లోపలికి చేరనివారే ఎక్కువమంది. గొట్టం లాంటి స్పేసర్‌తో వాడితే పెద్దవాళ్లకు సులువు. మూడు, ఊపిరి తీసే పద్ధతి. ముక్కుతో పీల్చి, వేడి పాలను ఊదినట్టు పెదవులు గుండ్రంగా పెట్టి, పీల్చిన దానికి రెట్టింపు సమయం తీసుకొని నెమ్మదిగా వదలాలి. చిక్కుకున్న గాలి బయటికి రావడానికి ఇది నిజంగా సాయపడుతుంది.

ఆయాసం వచ్చినప్పుడు కూర్చోబెట్టి, ముందుకు వంగి మోచేతులు మోకాళ్ల మీద ఆనించమని చెప్పి, ముఖానికి దగ్గరగా విసనకర్రతో విసరండి. ఇది ముసలమ్మల చిట్కా అని తీసిపారేయకండి. ముక్కు, చెంపల మీద చల్లగాలి తగిలితే అక్కడి నాడి ద్వారా మెదడుకు అందే సంకేతం వల్ల ఆయాసం తగ్గిన భావన కలుగుతుందని, చేతి ఫ్యాన్‌తో చేసిన పరిశోధనల్లో తేలింది. ఆక్సిజన్ గొట్టం పెట్టగానే ‘హాయిగా ఉంది’ అనేవారిలో కొందరికి హాయి ఇస్తున్నది బహుశా ఆ గాలి స్పర్శే.

అయితే 93 అని చూపిస్తున్న మిషన్‌ను కళ్లు మూసుకొని నమ్మవద్దు. చల్లబడిన వేళ్లు, గోళ్ల రంగు, చేతి వణుకు రీడింగ్‌ను తప్పుదారి పట్టిస్తాయి. చర్మం ఛాయ ముదురుగా ఉన్నవారిలో ఇది అసలు కంటే ఎక్కువ చూపించే అవకాశం ఉందని 2020 తరువాత గట్టిగా బయటపడింది. పొగతాగేవారి రక్తంలో చేరిన కార్బన్ మోనాక్సైడ్‌ను కూడా ఇది ఆక్సిజన్‌గానే లెక్కవేస్తుంది. ఒకసారి ధమని రక్త పరీక్ష, ఆరు నిమిషాల నడక పరీక్ష చేయిస్తే అనుమానం తీరిపోతుంది.

ప్రశ్న: ఆక్సిజన్ ఒకసారి మొదలుపెడితే అలవాటైపోయి, ఇక అది లేకుండా ఉండలేరని మా బంధువులు భయపెడుతున్నారు. నిజమా? (ఒక పాఠకుడు, నల్గొండ)

జవాబు: నిజం కాదు. గాలికి ఎవరూ బానిస కారు. అవసరం ఉన్నవారు తీసివేస్తే ఇబ్బంది పడతారు, అది జబ్బు వల్ల. ఇంకొక సంగతి మీ బంధువులకు చెప్పండి. ఛాతీ ఇన్ఫెక్షన్‌తో ఆసుపత్రిలో చేరి, ఆక్సిజన్‌తో ఇంటికి వచ్చినవారిని రెండు మూడు నెలల తరువాత మళ్లీ పరీక్షించాలి. వారిలో చాలామందికి అప్పటికి అది అక్కరలేకుండా పోతుంది. ఆ పరీక్షకు వెళ్లకుండా ఏళ్ల తరబడి యంత్రం అద్దె కడుతున్న కుటుంబాలు నాకు తెలుసు.

ప్రశ్న: మా వారికి నిమిషానికి ఒకటిన్నర లీటరు పెట్టమని డాక్టరు రాశారు. రాత్రి దమ్ము ఎక్కువైతే ఆయనే లేచి నాలుగుకు పెంచుకుంటున్నారు. రీడింగ్ 98 వస్తోందని సంతోషిస్తున్నారు. కానీ వారం రోజులుగా పొద్దున్నే తలనొప్పి అంటున్నారు, పగలంతా మగతగా పడుకుంటున్నారు, నిన్న ఏదో పొంతన లేకుండా మాట్లాడారు. (ఒక పాఠకురాలు, వరంగల్)

జవాబు: ఈ పత్రిక మీ చేతికి వచ్చేదాకా ఆగకూడదన్న ఉద్దేశంతో మీకు ముందే విడిగా జవాబు పంపించాము. మిగతా పాఠకుల కోసం ఇక్కడ మళ్లీ రాస్తున్నాను, ఎందుకంటే ఈ శీర్షికలో దీనికంటే ముఖ్యమైన విషయం లేదు.

మీరు రాసిన మూడు లక్షణాలూ, అంటే పొద్దుటి తలనొప్పి, మగత, తడబాటు, రక్తంలో కార్బన్ డయాక్సైడ్ పేరుకుపోతున్నప్పుడు వచ్చేవి. ముదిరిన సీఓపీడీ ఉన్న కొందరిలో అవసరానికి మించి ఆక్సిజన్ ఇస్తే, ఊపిరితిత్తుల్లో పాడైపోయిన భాగాలకు కూడా రక్తం మళ్లడం మొదలై, బయటికి పోవలసిన కార్బన్ డయాక్సైడ్ లోపలే నిలిచిపోతుంది. ఊపిరి తీయాలన్న మెదడు ప్రేరణ కూడా కొంత మందగిస్తుంది. ఆక్సీమీటర్ ఈ వాయువును కొలవలేదు కాబట్టి, అది 98 చూపిస్తూ ఉండగానే మనిషి స్పృహ తప్పిపోవచ్చు. అందుకే ఇటువంటి రోగుల్లో మనం కోరుకునే అంకె 98 కాదు, 88 నుంచి 92 మధ్య.

ఇలాంటి పరిస్థితి వస్తే కంగారులో గొట్టం పీకేయకండి. ఉన్నట్టుండి తీసివేస్తే ఆక్సిజన్ ముందున్న స్థాయి కంటే కిందికి పడిపోతుంది. డాక్టరు రాసిన ఒకటిన్నర లీటరుకు దించి, రీడింగ్ 88కి పైనే ఉందో లేదో చూస్తూ, వెంటనే ఆసుపత్రికి తీసుకెళ్లి ధమని రక్త పరీక్ష చేయించాలి. వాయువు పేరుకుపోయిందని తేలితే ముఖానికి మాస్కు పెట్టి బైపాప్ యంత్రంతో ఊపిరికి సాయం అందిస్తారు. చాలామంది దానితో ఒకటి రెండు రోజుల్లో తేరుకుంటారు.

ఆక్సిజన్ ఒక మందు. బీపీ మాత్రను ఇష్టం వచ్చినట్లు రెండు, మూడు వేసుకోరు కదా. యంత్రం మీద గుండ్రటి మీట చేతికి అందుబాటులో ఉండడమే దీనికి వచ్చిన చిక్కు. డాక్టరు చెప్పిన అంకె దగ్గర ఎర్ర టేపు అంటించి, దాన్ని దాటి తిప్పకూడదని ఇంట్లో అందరికీ చెప్పండి.

ప్రశ్న: 2021లో కరోనా రెండో వేవ్‌లో ఎంతో కష్టపడి ఒక కాన్సన్‌ట్రేటర్ కొన్నాం. దానిమీద ‘1 నుంచి 7 లీటర్లు’ అని ఉంది. అప్పటి నుంచి అటక మీదే ఉంది. ఇప్పుడు మా తాతగారికి ఆక్సిజన్ రాశారు. దాన్నే దించి వాడుకోవచ్చా? (ఒక పాఠకుడు, కర్నూలు)

జవాబు: పరీక్షించకుండా వాడవద్దు. గాలిలో ఆక్సిజన్ 21 శాతం, నత్రజని 78 శాతం. కాన్సన్‌ట్రేటర్ లోపల జియోలైట్ అనే రాతిగుళికలు నింపిన రెండు స్తంభాలు ఉంటాయి. కంప్రెసర్ గాలిని వాటిలోకి వత్తిడితో పంపినప్పుడు ఆ గుళికలు నత్రజనిని పట్టుకొని ఆక్సిజన్‌ను వదిలేస్తాయి. కొద్ది క్షణాలకొకసారి రెండు స్తంభాలూ పని మార్చుకుంటాయి, ఒకటి పనిచేస్తుంటే రెండోది తాను పట్టుకున్న నత్రజనిని విదిలించుకుంటుంది. బాగున్న యంత్రం నుంచి వచ్చే వాయువులో 90 నుంచి 96 శాతం ఆక్సిజన్ ఉంటుంది. జియోలైట్‌కు తేమ అంటే పడదు. ఏళ్ల తరబడి వాడకుండా వదిలేస్తే తేమ పీల్చుకొని దాని పట్టు తగ్గిపోతుంది. తేమ సీసాలో బుడగలు మాత్రం ఎప్పటిలాగే వస్తాయి! అవి గాలి వస్తోందని చెబుతాయే తప్ప ఆక్సిజన్ వస్తోందని చెప్పవు.

ఇక ఆ ‘1 నుంచి 7’ సంగతి. ఆ రోజుల్లో మార్కెట్లోకి వచ్చిపడిన చిన్న యంత్రాల్లో చాలావాటికి ఒక లీటరు దగ్గర మాత్రమే 90 శాతం వస్తుంది. మీట పెంచినకొద్దీ మామూలు గాలి కలుస్తూ ఏడు దగ్గరకు వచ్చేసరికి 30 శాతం దరిదాపుల్లోకి పడిపోతుంది. పెట్టె మీదో, పుస్తకంలోనో చిన్న అక్షరాల్లో ఆ సంగతి రాసే ఉంటుంది, వెతికి చూడండి. ఏదైనా సర్వీసు చేసేవారి దగ్గర ఆక్సిజన్ ఎనలైజర్ ఉంటుంది. యంత్రాన్ని పావుగంట నడిపిన తరువాత, మీ తాతగారికి రాసిన లీటర్ల దగ్గరే పెట్టి కొలిపించండి. 90 శాతం కంటే తగ్గితే దాన్ని పక్కన పెట్టండి. బాగానే ఉంటే గాలి ఫిల్టరును వారానికోసారి కడిగి ఆరబెట్టి పెట్టండి, తేమ సీసాలో కాచి చల్లార్చిన నీళ్లో డిస్టిల్డ్ వాటరో పోసి రోజూ మార్చండి.

ప్రశ్న: మా అబ్బాయి అమెరికాలోని డాలస్‌లో ఉంటాడు. మనవరాలి పుట్టినరోజుకు రమ్మంటున్నాడు. నాకు 66 ఏళ్లు, ఊపిరితిత్తులు గట్టిపడే జబ్బు ఉంది. ఇంట్లో కూర్చుంటే 91, నడిస్తే 85. ఇంట్లో వాడే యంత్రం పట్టుకొని విమానం ఎక్కవచ్చా? (ఒక పాఠకుడు, కరీంనగర్)

జవాబు: వెళ్లవచ్చా లేదా అన్నది మీ డాక్టరు పరీక్షించి చెప్పాలి, కానీ ఆక్సిజన్ లేకుండా మాత్రం వెళ్లలేరు. విమానం లోపలి గాలి పీడనం దాదాపు 8,000 అడుగుల ఎత్తున్న కొండ మీద ఉన్నట్లు ఉండవచ్చు. అంటే ఊటీ కంటే కాస్త ఎత్తు. అక్కడ పీల్చే గాలి, నేల మీద 15 శాతం ఆక్సిజన్ మాత్రమే ఉన్న గాలిని పీల్చినదానితో సమానం. కింద 91 ఉన్నవారు పైన ఎక్కడికి దిగుతారో ఊహించుకోండి.

ఇంటి యంత్రం బ్యాటరీతో నడవదు, విమానంలో పనికిరాదు. సొంత సిలిండర్‌ను అమెరికా విమానాల్లో అనుమతించరు. మీకు కావలసింది బ్యాటరీతో నడిచే చిన్న కాన్సన్‌ట్రేటర్. అది అమెరికా విమానయాన నియంత్రణ సంస్థ ఎఫ్‌ఏఏ నిబంధనలకు సరిపోతుందని తయారీదారు ఎర్ర అక్షరాల్లో రాసిన చీటీ యంత్రం మీద ఉండాలి. టికెట్ కొనక ముందే విమాన సంస్థకు ఫోను చేసి, వారి వైద్య ఫారం తెప్పించి మీ డాక్టరుతో నింపించండి. ప్రయాణానికి కనీసం 48 గంటల ముందు తెలియజేయమని సాధారణంగా అడుగుతారు, మీరు రెండు వారాల ముందే చెప్పండి.

అసలు కష్టం బ్యాటరీలది. ప్రయాణ సమయానికి ఒకటిన్నర రెట్ల వ్యవధికి సరిపడా బ్యాటరీ చూపించమని విమాన సంస్థ అడగవచ్చు. గల్ఫ్ నగరాల మీదుగా వెళ్తే రెండో విమానమే దాదాపు 16 గంటలు, దానికి 24 గంటల బ్యాటరీ కావాలి. ఒక్కొక్క బ్యాటరీ మీ మెట్టు మీద నిజంగా ఎన్ని గంటలు వస్తుందో ఇంట్లోనే గడియారం పెట్టుకొని చూడండి. సీటు దగ్గరి ప్లగ్గును నమ్ముకోకండి. విడి బ్యాటరీలను చేతిసంచిలోనే పెట్టుకోవాలి, వాటి కొనలు దేనికీ తగలకుండా విడివిడిగా చుట్టాలి. వాటి సామర్థ్యం 100 వాట్ అవర్లు దాటితే ముందస్తు అనుమతి తప్పనిసరి. విమానాశ్రయాల్లో నడిచే దూరం ఎక్కువ కాబట్టి చక్రాల కుర్చీ అడగడానికి మొహమాటపడకండి.

మీ జబ్బు విషయంలో ఇంకొక జాగ్రత్త ఉంది. ఊపిరితిత్తులు గట్టిపడినవారికి నడకలో రీడింగ్ సీఓపీడీ వారికంటే చాలా వేగంగా పడిపోతుంది. పల్స్ యంత్రాలు వీరికి చాలకపోవడం తరచూ చూస్తుంటాము. తెనాలి పాఠకురాలికి చెప్పిన నడక పరీక్ష మీకు ఇంకా ముఖ్యం.

అక్కడికి చేరిన తరువాత రాత్రిళ్లకు పెద్ద యంత్రం కావాలి. మన 230 వోల్టుల యంత్రం అక్కడి 120 వోల్టులకు నడవదు. అమెరికాలో వైద్య ఆక్సిజన్‌కు అక్కడి డాక్టరు చీటీ కావాలి కాబట్టి, మీరు బయలుదేరక ముందే మీ అబ్బాయిని డాక్టరు అపాయింట్‌మెంటు, అద్దె యంత్రం సిద్ధం చేసి ఉంచమనండి. సందర్శకులకు అమ్మే బీమా పాలసీల్లో చాలావరకు పాత జబ్బులకు ఖర్చు ఇవ్వవు. షరతులు చదివే సంతకం చేయమని చెప్పండి. నిజం చెప్పాలంటే, ఈసారి పుట్టినరోజుకు వాళ్లనే ఇక్కడికి రమ్మంటే మేలు.

ప్రశ్న: అమ్మకు పగలూ రాత్రీ ఆక్సిజన్ ఉంటుంది. పూజగది ఆవిడ మంచం పక్కనే. దీపం పెట్టవచ్చా? కరెంటు పోతే ఏం చేయాలి? నెల బిల్లు ఎంత పెరుగుతుంది? (ఒక పాఠకురాలు, కాకినాడ జిల్లా)

జవాబు: ఆక్సిజన్ తానుగా మండదు, కానీ మండేదాన్ని భగ్గుమనిపిస్తుంది. పరుపు, దుప్పటి, చీర, జుట్టు ఆక్సిజన్‌ను కొంతసేపు పట్టి ఉంచుకుంటాయి కాబట్టి, గొట్టం తీసిన వెంటనే హారతి కళ్లకద్దుకోవడం కూడా ప్రమాదమే. దీపం, అగరొత్తి, గ్యాస్ పొయ్యి, దోమల చుట్ట, ఇవన్నీ కనీసం రెండు మూడు మీటర్ల దూరంలో, వీలైతే వేరే గదిలో ఉండాలి. మంచం మార్చడం కుదరకపోతే బ్యాటరీ దీపం పెట్టండి, దేవుడు ఏమీ అనుకోడు. ముక్కు ఎండిపోతోందని వ్యాజలైన్ రాస్తుంటారు, అది మానేసి నీటి ఆధారంగా చేసిన జెల్ రాయండి. ఇంటికి వచ్చే చుట్టాలు ఆ గదిలో బీడీ వెలిగించకుండా మీరే చెప్పాలి, అమ్మ చెప్పలేదు.

ఐదు లీటర్ల యంత్రం సుమారు 350 వాట్లు లాగుతుంది. రోజుకు 15 గంటలు నడిస్తే ఐదు యూనిట్ల పైన, నెలకు 150 యూనిట్ల పైచిలుకు పెరుగుతాయి. పగలూ రాత్రీ నడిస్తే 250 దాకా వెళ్తుంది. పై స్లాబులోకి జారిపోతారు కాబట్టి బిల్లు యూనిట్ల నిష్పత్తి కంటే ఎక్కువగానే పెరుగుతుంది. 150 ఏహెచ్ బ్యాటరీ ఉన్న ఇన్వర్టర్, ఇంకేమీ దానిమీద పెట్టకపోతే, మూడు నాలుగు గంటలు నడపగలదు. సైన్ వేవ్ రకమైతే కంప్రెసర్‌కు మంచిది.

తుఫాను వస్తే మీ ప్రాంతంలో కరెంటు రోజుల తరబడి ఉండకపోవచ్చు కాబట్టి, ఒక బి టైపు సిలిండర్ నింపించి పెట్టుకోండి. అందులో దాదాపు 1,500 లీటర్లు ఉంటాయి, నిమిషానికి 2 లీటర్ల చొప్పున పన్నెండున్నర గంటలు వస్తుంది. వైద్య ఆక్సిజన్ సిలిండర్ ఒళ్లు నల్లగా, మెడ తెల్లగా ఉంటుంది, తీసుకునేటప్పుడు చూసుకోండి. పడిపోకుండా గోడకు గొలుసుతో కట్టండి, రెగ్యులేటర్‌కు నూనె గానీ గ్రీజు గానీ తగలనివ్వకండి. సిలిండర్ తెరిచే తాళంచెవిని దాని మెడకే తాడుతో కట్టి ఉంచి, ఇంట్లో కనీసం ఇద్దరు చీకట్లో తెరవడం సాధన చేయండి.